పాపికొండలా, మారేడుమిల్లా, కోరంగా? డెల్టా నుంచి అడవికి బయల్దేరే ముందు

మాది కోనసీమ. మా ఊళ్లో అన్నిటికన్నా ఎత్తైన చోటు ఏటిగట్టు. గట్టెక్కితే ఇటు కొబ్బరితోటలు, వరిచేలు, అటు గోదావరి పాయ గౌతమి. ఎంత దూరం చూసినా ఒకటే మట్టం. అందుకేనేమో కార్తీకం దగ్గరపడేసరికి ప్రతి ఇంట్లోనూ "ఈసారి కొండలకి వెళ్దాం" అన్న మాట వస్తుంది. ఎక్కడికి అన్న దగ్గర మాత్రం ఎవరి పట్టు వాళ్లది. పెద్దవాళ్లు పాపికొండల లాంచీ అంటారు. కాలేజీ పిల్లలు మారేడుమిల్లి, గుడిస అంటారు. ఖర్చు చూసుకునేవాళ్లు "కోరంగి మడ అడవి మన పక్కనే ఉందిగా, పొద్దున్న వెళ్లి సాయంత్రానికి వచ్చేద్దాం" అంటారు.

ఈ మూడు చోట్లకీ నేను ఒక్కోసారి ఒక్కో గుంపుతో వెళ్లాను. అమ్మానాన్నలతో, స్నేహితులతో, చిన్నపిల్లలతో, ఒకసారి ఒక్కడినే. నా అభిప్రాయం ముందే చెప్పేస్తాను. అడవిలో మీ కాళ్లతో నడవాలని ఉంటే మారేడుమిల్లికి వెళ్లండి. కూర్చుని నదినీ కొండల్నీ తనివితీరా చూడాలంటే పాపికొండలు. చేతిలో ఒక్క పూటే ఉన్నా, మోకాళ్ల నొప్పులున్న వాళ్లు వెంట ఉన్నా కోరంగి. కాకపోతే నెలని బట్టి ఈ లెక్క తారుమారవుతుంది. కిందటేడు బాగుందని విన్న చోటే ఈ ఏడు ప్రమాదం కావచ్చు.

పాపికొండలు: లాంచీలోంచి కనిపించేది ఎంత?

చాలామంది పాపికొండలు అంటే లాంచీ ప్రయాణం అనే అనుకుంటారు. నిజానికి అది చాలా పెద్ద అడవి. 1978లో అభయారణ్యంగా ప్రకటించారు, 2008లో జాతీయ ఉద్యానవనం చేశారు. వెయ్యి చదరపు కిలోమీటర్ల పైచిలుకు, గోదావరికి రెండు ఒడ్డులా పరుచుకుని ఉంటుంది. పులి, చిరుత, అడవిదున్న, కొండగొర్రె తిరిగే చోటు. మారేడుమిల్లి అడవులు దీన్ని ఆనుకునే ఉంటాయి. అంటే లాంచీ ఎక్కినవాళ్లూ, ఘాట్ రోడ్డు ఎక్కినవాళ్లూ ఒకే అడవిని రెండు వైపుల నుంచి చూస్తున్నట్టు.

తేడా ఎక్కడంటే, లాంచీ మిమ్మల్ని అడవిలోకి తీసుకెళ్లదు. నీళ్ల మీంచి చూపిస్తుంది. అభయారణ్యం కన్నా జాతీయ ఉద్యానవనానికి కట్టుబాట్లు ఎక్కువ. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం లోపల పశువుల్ని మేపకూడదు, అనుమతి లేకుండా అడుగు పెట్టకూడదు. "ఎక్కడో ఒకచోట దిగి కాసేపు కొండెక్కుదాం" అనుకుని బయల్దేరేవాళ్లు ఈ సంగతి ముందే తెలుసుకోవాలి. దిగేది లాంచీ ఆపే చోటే, తిరిగేది ఆ చుట్టుపక్కలే.

అయినా ఆ ప్రయాణానికి ఉన్న అందం దానిదే. ధవళేశ్వరం దగ్గర ఆ ఒడ్డు కనిపించనంత వెడల్పున్న గోదావరిని చూసి పెరిగిన కళ్లకి, అదే నది రెండు కొండల మధ్య సన్నగా, నల్లగా, చప్పుడు లేకుండా పారుతుంటే నమ్మబుద్ధి కాదు. ఒక మలుపు తిరిగితే ముందు దారి మూసుకుపోయినట్టే ఉంటుంది. దగ్గరికి వెళ్లాక కొండ పక్కకి జరిగి దారిస్తుంది. మా అమ్మ ఆ మలుపుల దగ్గర రెండు చేతులూ జోడించేసింది. పేరంటపల్లిలో దిగితే శివాలయం, పక్కనే కొండ మీంచి జారే సన్నటి వాగు, వెదురుతో చేసిన బొమ్మలూ బుట్టలూ అమ్మే కొండరెడ్ల తెగ ఆడవాళ్లు ఉంటారు. అక్కడ బేరమాడకండి. ఒక బుట్ట అల్లడానికి ఎంతసేపు పడుతుందో అడిగి చూడండి, ధర ఎక్కువనిపించదు.

ఒకప్పుడు పట్టిసీమ, పురుషోత్తపట్నం రేవుల నుంచే లాంచీలు బయల్దేరేవి. పోలవరం ప్రాజెక్టు కట్టడంతో రాజమండ్రి వైపు నుంచి ఇప్పుడు ఎగువన గండిపోచమ్మ గుడి దగ్గర ఎక్కాల్సి వస్తోంది. ప్రాజెక్టు పని కోసం వేసిన అడ్డుకట్ట (కాఫర్ డ్యామ్) వెనక నీళ్లు నిలవడంతో దేవీపట్నం వైపు ఊళ్లు ఖాళీ అయ్యాయి. చిన్నప్పుడు చూసినవాళ్లు ఇప్పుడు వెళ్తే ఆ ఊళ్ల కోసం వెతుక్కుంటారు. లాంచీలో మైకు మోగుతూనే ఉంటుంది, పాటలూ డాన్సులూ నడుస్తూనే ఉంటాయి. నాకు అది నచ్చదు. అలాంటి చోట నది చప్పుడు వినాలి. పై డెక్కు మీద ముందు వైపు కూర్చుంటే కొంత నయం.

ఇక భద్రత. 2019 సెప్టెంబరు 15న కచ్చులూరు దగ్గర పర్యాటకుల లాంచీ మునిగి పదుల సంఖ్యలో ప్రాణాలు పోయాయి. ఆ రోజు నదికి వరద ఉంది. ఆ తర్వాత అనుమతులూ తనిఖీలూ గట్టిపడ్డాయి. కానీ మన జాగ్రత్త మనకుండాలి. వరద హెచ్చరికలంటే ఏమిటో డెల్టావాళ్లకి ఎవరూ చెప్పక్కర్లేదు. ధవళేశ్వరం దగ్గర 11.75 అడుగులంటే మొదటి హెచ్చరిక, 13.75 అంటే రెండోది, 17.75 అంటే మూడోది. భద్రాచలం దగ్గర అవే 43, 48, 53 అడుగులు. లంకల్లో ఉన్న చుట్టాల కోసం టీవీలో ఆ అంకెలు చూస్తాం కదా, పాపికొండలకి వెళ్లేముందు కూడా అవే చూడండి. భద్రాచలం దగ్గర నీటిమట్టం పెరుగుతోందని వార్త వచ్చిందంటే టికెట్ సంగతి మర్చిపోవడమే మంచిది.

మాకు ఒకసారి సరిగ్గా ఇదే జరిగింది. అక్టోబరు మొదటి వారం. ఒక ఏజెంటుకి అడ్వాన్సు కట్టాం. తెల్లవారుజామున మూడింటికి లేచి పులిహోర కట్టుకుని పన్నెండుమందిమి బయల్దేరాం. రాజమండ్రి దాటాక ఫోన్ చేస్తే అప్పుడు చెప్పాడు, పైన వానలు పడి నీళ్లు పెరిగాయి, లాంచీలు ఆపేశారని. ఆపేసింది ముందురోజు సాయంత్రమేనట. అడ్వాన్సు తిరిగి రావడానికి రెండు నెలలు పట్టింది. అప్పటి నుంచి ముందురోజు రాత్రి ఒకసారి, బయల్దేరే ముందు ఒకసారి ఫోన్ చేయకుండా ఇంటి గుమ్మం దిగడం లేదు. మీరూ అలాగే చేయండి. లైఫ్ జాకెట్ ఇవ్వగానే వేసుకుని బకిల్ పెట్టి లాగి చూడండి. ఊడిపోతే మార్చమని అడగండి, మొహమాటపడకండి. పిల్లలకి వాళ్ల సైజుది లేదంటే ఆ లాంచీ ఎక్కొద్దు.

మారేడుమిల్లి: అడవిలో నడక

రాజమండ్రి నుంచి కోరుకొండ, గోకవరం, రంపచోడవరం మీదుగా మారేడుమిల్లి ఎనభై అయిదు కిలోమీటర్ల పైమాటే. అమలాపురం నుంచైతే మధ్యలో టిఫినుతో కలిపి నాలుగైదు గంటలు వేసుకోండి. భీమవరం, పాలకొల్లు వైపు వాళ్లు కొవ్వూరు వంతెన దాటి రావాలి కాబట్టి ముందురోజు రాత్రి రాజమండ్రిలో పడుకుంటే హాయి. ఆర్టీసీ బస్సులున్నాయి. సొంత కారైతే ఇంధనం రాజమండ్రిలోనో గోకవరంలోనో నింపుకోండి. ఘాట్ రోడ్డు మలుపులు డెల్టా డ్రైవర్లకి అలవాటుండవు. మన రోడ్లు కాలవగట్టు మీద తిన్నగా పోతాయి. చీకటి పడ్డాక ఆ ఘాట్ మీద నడపొద్దు. వాంతులయ్యే పిల్లలకి రంపచోడవరం దాటాక ఏమీ పెట్టకండి.

ఒక్కరోజులో వెళ్లి వచ్చేద్దామనుకునేవాళ్లకి నేను మారేడుమిల్లి సిఫార్సు చేయను. వెళ్లేసరికి మధ్యాహ్నం అవుతుంది, బొంగు చికెన్ తిని జలతరంగిణి జలపాతం దగ్గర ఫొటో దిగి వెనక్కి రావడమే. అడవి మాత్రం చూడనట్టే. రెండు రాత్రులు ఉండగలిగితేనే ఆ ప్రయాణానికి అర్థం. అటవీ శాఖ, స్థానిక గిరిజనులు కలిసి నడిపే వనవిహారి ఉంది. వలమూరు దగ్గర వాగు ఒడ్డున జంగిల్ స్టార్ క్యాంపు ఉంది. శని, ఆదివారాలూ పండగ సెలవులూ అయితే చాలా ముందే బుక్ చేసుకోవాలి. ప్రైవేటు రిసార్టులు కొన్ని బాగుంటాయి. కానీ రాత్రి డీజే పెట్టేది అడవిలో ఉండటం కాదు. బుక్ చేసేటప్పుడు ఆ ఒక్క ప్రశ్న తప్పకుండా అడగండి.

నడక సంగతి కాస్త వివరంగా చెప్పాలి. వలమూరు వైపు ఒక డిసెంబరు పొద్దున్న ఆరున్నరకి బయల్దేరాం. గైడు కొండరెడ్డి కుర్రాడు, ఇరవై ఏళ్లుంటాయి. మంచుకి ఆకులు తడిసి ఉన్నాయి కాబట్టి అడుగుల చప్పుడు లేదు. చుట్టూ మద్ది, వేగిస, తునికి, మధ్యమధ్య వెదురు పొదలు. పదిహేను నిమిషాలు నడిచాక అతను చెయ్యెత్తి ఆగమన్నాడు. ఏమీ కనిపించలేదు. అప్పుడు పైనుంచి ఒక చప్పుడు వచ్చింది. మా పెరట్లో మామ్మ చేటతో బియ్యం చెరుగుతుంటే వచ్చే చప్పుడు, అచ్చం అదే, కాకపోతే ఆకాశంలోంచి. హార్న్‌బిల్ రెక్కలట. రెండు పక్షులు, నలుపూ తెలుపూ, ముక్కు మీద ఇంకో ముక్కు పెట్టినట్టు. చెట్ల పైనుంచి వెళ్లిపోయాయి. చప్పుడు మాత్రం పక్షి కనుమరుగయ్యాక కూడా వినిపించింది.

ఇంకాస్త ముందుకి వెళ్లాక, ఒక మద్దిచెట్టుకి చుట్టుకుని నా తొడంత లావు తీగ. అదేంటని అడిగితే అడ్డతీగ అన్నాడు. చిన్నప్పటి నుంచీ సంతర్పణల్లో అడ్డాకు విస్తళ్లలో తిన్నాను. ఆ ఆకు కాసేది ఇంత లావు తీగ మీదని నాకు తెలియదు. అతను రాలిన ఆకు ఒకటి తీసి చేతిలోనే దొప్ప చేసి, పుల్ల గుచ్చి, వాగు నీళ్లు ముంచి తాగాడు. మేం ప్లాస్టిక్ సీసాలోవి తాగాం. నాకు సిగ్గేసింది.

గైడు లేకుండా కాలిబాటలు పట్టొద్దని చెప్పడానికి కారణాలు చాలా ఉన్నాయి. దారులు ఒకదానిలోంచి ఒకటి చీలిపోతాయి. ఫోన్ సిగ్నల్ అంతంత మాత్రం. గిరినాగు ఉండే అడవులివి. అడవిదున్న ఎదురైతే ఏ పక్కకి తప్పుకోవాలో మనకి తెలియదు, అతనికి తెలుసు. ఇంకో కారణం నాకు ముఖ్యం. ఇది వాళ్ల ఇల్లు. 1882 మద్రాసు అటవీ చట్టం పోడు వ్యవసాయాన్నీ అడవిలో తిరగడాన్నీ కట్టడి చేసిన తర్వాత పెరిగిన కడుపుమంటే, 1922లో అల్లూరి సీతారామరాజు వెనక మన్యం నిలబడటానికి ఒక కారణం. ఇప్పుడు ఆ అడవిని చూడ్డానికి మనం డబ్బు ఖర్చు పెడుతున్నప్పుడు, అందులో కొంత ఆ ఊళ్లవాళ్ల చేతికే నేరుగా వెళ్లాలి. గైడుకి అడిగినంత ఇవ్వండి.

పక్షులంటే ఇష్టమైనవాళ్లు మూడింటిలో వేరే ఆలోచన పెట్టుకోవద్దు, మారేడుమిల్లే. పడమటి కనుమల్లో ఉంటాయనుకునే మలబార్ ట్రోగన్ లాంటి పక్షుల్ని ఇక్కడ చూడొచ్చు. ఒక జత బైనాక్యులర్స్, ఓపిక ఉండాలి, మాటలు తగ్గించాలి.

గుడిస గురించి పిల్లలు చాలా గట్టిగా అడుగుతారు. కొండ మీద మైళ్ల కొద్దీ పచ్చగడ్డి, కింద మబ్బులు. నిజంగానే చూడదగ్గది. అయితే అక్కడ అడవి ఉండదు, గడ్డి మైదానం. మారేడుమిల్లి నుంచి దాదాపు నలభై కిలోమీటర్లు, చివరి భాగం బాగా ఎగుడుదిగుడు మట్టిరోడ్డు. మామూలు కారు వేసుకెళ్లి అడుగు తగిలించుకున్నవాళ్లని చూశాను. స్థానిక జీపు మాట్లాడుకోండి. రాకపోకల మీద ఆంక్షలు మారుతుంటాయి కాబట్టి ముందురోజే మారేడుమిల్లిలో అటవీ శాఖ వాళ్లని అడగండి. మబ్బులు చూడాలంటే సూర్యోదయానికి ముందే పైన ఉండాలి. పైన బాత్రూమ్, నీడ, కొట్టు ఏమీ ఉండవని ఆడవాళ్లకి ముందే చెప్పండి.

వాగుల గురించి మాత్రం గట్టిగా చెప్పాలి. మనం కాలవల్లో ఈత నేర్చుకున్నవాళ్లం, నీళ్లంటే భయం లేదు. అదే ప్రమాదం. కాలవ నీళ్లు మెల్లగా పెరుగుతాయి, కొండవాగు అలా కాదు. మీరున్న చోట ఎండ కాస్తుంటుంది, పైన ఎక్కడో వాన పడుతుంది, నిమిషాల్లో వాగు రంగు మారి విరుచుకుపడుతుంది. 2024 సెప్టెంబరులో జలతరంగిణి దగ్గర అలాగే వాగు పొంగి ముగ్గురు వైద్య విద్యార్థులు చనిపోయారు. నీళ్లు ఎర్రబడుతున్నా, ఆకులూ పుల్లలూ కొట్టుకొస్తున్నా ఫోన్, చెప్పులు వదిలేసి ఒడ్డెక్కండి. పాములేరు వాగు అందంగా ఉంటుంది, చూడండి, దిగకండి. వానాకాలంలో అమృతధార జలపాతం బ్రహ్మాండంగా ఉంటుంది కానీ మెట్లూ రాళ్లూ నాచు పట్టి జారతాయి. నవంబరులో నీళ్లూ ఉంటాయి, కాలూ నిలుస్తుంది.

బొంగు చికెన్‌కి పచ్చి వెదురు గొట్టం మీ ముందే కోసి, కూరి, నిప్పుల మీద తిప్పే చోట తినండి. ముందే చెప్పి నడకకి వెళ్లి వస్తే సరిగ్గా అందుతుంది. తిన్నాక గొట్టం, ఆకు అక్కడే ఇచ్చేయండి.

మలేరియా ఉన్న ప్రాంతం అని మర్చిపోవద్దు. సాయంత్రం నుంచి ఒళ్లంతా కప్పే బట్టలు, దోమల మందు, గదిలో దోమతెర తప్పవు. తిరిగొచ్చాక వారాలకైనా, నెలలకైనా చలిజ్వరం వస్తే ఏజెన్సీ అడవులకి వెళ్లొచ్చామని డాక్టరుకి చెప్పి రక్తపరీక్ష చేయించుకోండి. మామూలు జ్వరమని పారాసెటమాల్‌తో సరిపెట్టుకోకండి.

కోరంగి: మన ఇంటి అడవి

కొండల గురించి చెబుతూ మడ అడవిని ఎందుకు తెచ్చానంటే, ఇదీ గోదావరి చేసిందే. పాపికొండల మధ్య నుంచి వచ్చిన ఒండ్రే కిందికి దిగి సముద్రం అంచున మేట వేస్తే దాని మీద మడ మొలిచింది. 1978లోనే దీన్ని కూడా అభయారణ్యం చేశారు. విస్తీర్ణం 235 చదరపు కిలోమీటర్లు. అమలాపురం నుంచి ముమ్మిడివరం, యానాం, తాళ్లరేవు మీదుగా గంటన్నరలో వెళ్లొచ్చు. కాకినాడ వాళ్లకైతే అరగంట. చెట్ల మధ్య చెక్క వంతెన కట్టారు. ఎగుడుదిగుళ్లు లేవు కాబట్టి మోకాళ్ల నొప్పులున్నవాళ్లు కూడా మెల్లగా నడవొచ్చు.

చాలామంది "చెట్లే కదా, ఏముంది" అని పావుగంటలో బయటికి వచ్చేస్తారు. వాళ్లు వెళ్లిన సమయం తప్పు. పోటు మీద, అంటే సముద్రం పొంగినప్పుడు వెళ్తే వంతెన కింద నీళ్లు తప్ప ఏమీ కనిపించవు. పాటు మీద, అంటే నీళ్లు వెనక్కి తీసినప్పుడు వెళ్లండి. నీళ్లు దిగాక బురదలోంచి మడచెట్ల ఊపిరి వేళ్లు వేలకొద్దీ పెన్సిళ్లు పాతినట్టు పైకి లేచి ఉంటాయి. మా పాప వంతెన చెక్క మీద బోర్లా పడుకుని ఇరవై నిమిషాలు కదల్లేదు. కింద వేలంత చేప ఒకటి నీళ్లు వదిలి బురదలో రెక్కల మీద పాకుతోంది, గెంతుతోంది. పక్కనే చిన్న పీతలు, ఒక డెక్క చిన్నది, ఒక డెక్క ఒంటికన్నా పెద్దది. ఆ పెద్ద డెక్కని అన్నీ ఒకేసారి ఎత్తి దించుతున్నాయి, రమ్మని పిలుస్తున్నట్టు. బావురుపిల్లి, నీటికుక్క ఉండే అడవి ఇది. బావురుపిల్లి రాత్రి తిరిగేది కాబట్టి కనిపిస్తుందని ఆశపడకండి. నీటికుక్కలు పొద్దున్నే బోటు మీద వెళ్లినవాళ్లకి కనిపించే అవకాశం ఉంది. బోటు మాత్రం నీళ్లు ఉన్నప్పుడే కదులుతుంది. అందుకని సగం పోటులో బోటెక్కి, పాటు దిగేసరికి వంతెన మీద ఉండేలా చూసుకుంటే రెండూ దక్కుతాయి. ఏ రోజు ఎన్నింటికో జాలరి ఇళ్లలో ఎవరిని అడిగినా చెబుతారు.

1839 తుఫాను కోరంగి రేవు పట్టణాన్ని తుడిచిపెట్టేసింది. మా తరం చూసింది 1996 నవంబరు 6. ఆ రాత్రి గుర్తున్నవాళ్లు పిల్లల్ని ఇక్కడికి తీసుకొచ్చి, అలని విరిచేది, మట్టిని పట్టి ఉంచేది ఈ వేళ్లేనని చూపించాలి. నాకు మూడింటిలోకీ పిల్లలకి ముందుగా చూపించాల్సిన అడవి ఇదే అనిపిస్తుంది.

ఏ నెలలో ఏది

జూన్ నుంచి సెప్టెంబరు దాకా పాపికొండలు వద్దు. మారేడుమిల్లి ఆకుపచ్చగా ఉంటుంది, వాగుల జోలికి వెళ్లబోమని మీ గుంపు ఒట్టేస్తేనే వెళ్లండి. అక్టోబరులో తుఫానుల వార్త చూసుకోవాలి. నవంబరు రెండో వారం నుంచి జనవరి చివరి దాకా మూడూ బాగుంటాయి. కానీ కార్తీక ఆదివారాలూ, సంక్రాంతి తర్వాత రెండు రోజులూ మారేడుమిల్లి రోడ్డు మీద కార్ల బారు తప్ప ఏమీ కనిపించదు. మంగళ, బుధవారాలు పెట్టుకోండి. ఫిబ్రవరిలో లాంచీ ప్రయాణం హాయిగా ఉంటుంది, రద్దీ తగ్గుతుంది. మార్చి తర్వాత కొండ మీద ఆకు రాలిపోతుంది, వాగులు సన్నబడతాయి, ఎండ మాడ్చేస్తుంది. అప్పుడు కోరంగి ఒక్కటే పచ్చగా ఉంటుంది, అదీ పొద్దున్న ఎనిమిదిలోపు.

అమ్మానాన్నలకి డెబ్బై దాటి, ఒక్కసారైనా పాపికొండలు చూడాలని కోరిక ఉంటే ఈ లెక్కలన్నీ పక్కన పెట్టి ఫిబ్రవరిలో లాంచీ ఎక్కించండి. రేవులో దిగి ఎక్కడానికి ఒక మనిషి సాయం ఉండాలి. ఆరేళ్ల లోపు పిల్లలున్నవాళ్లు ముందు కోరంగి, రెండేళ్లాగి మారేడుమిల్లి. స్నేహితులతో వెళ్లేవాళ్లకి మారేడుమిల్లే, కాకపోతే మందు సీసాలు ఇంట్లో వదిలి వెళ్లండి. వాగు ఇసకలో పగిలిన సీసా పెంకు గుచ్చుకుని మా గైడు తమ్ముడు నెల రోజులు నడవలేకపోయాడు.

మా ఇంట్లో ఈసారి ఇలా అనుకున్నాం. నవంబరులో ఒక పాటు చూసుకుని అమ్మతో, పిల్లలతో కోరంగి. డిసెంబరు రెండో వారంలో మంగళవారం బయల్దేరి వలమూరులో రెండు రాత్రులు, అదే కుర్రాడిని గైడుగా మాట్లాడాను. ఈసారి అడ్డాకు దొప్ప కుట్టడం నేర్పిస్తానన్నాడు.